ఊహాలోకానికి పంచాంగం గుణించడం ఎలా?

నగరి, పుత్తూరు, చిత్తూరు వైపు ఒకే వీధికి కొత్త సంవత్సరం రెండుసార్లు వస్తుంది. తెలుగు ఇంట్లో చైత్ర శుద్ధ పాడ్యమికి ఉగాది పచ్చడి కలుపుతారు. పక్కింటి తమిళ కుటుంబానికి ఏప్రిల్ 14 ప్రాంతంలో చిత్తిరై మొదలవుతుంది. ఒకరిది చాంద్రమానం, ఇంకొకరిది సౌరమానం. ఫాంటసీ నవలకో గేముకో కొత్త లోకాన్ని కట్టేవాళ్లకు ఇంతకన్నా మంచి బడి లేదు.

ఊహాలోకాల క్యాలెండర్లు చాలావరకు 12 నెలలు, నెలకు 30 రోజులు అనే చదును అంకెలతో మొదలై, నెలల పేర్లు మార్చగానే ఆగిపోతాయి. అన్నీ సరిగ్గా భాగించబడే ఆకాశంలో అధికమాసం రాదు, పండుగ ఏ రోజన్న తగవు పుట్టదు, గుడికీ కోటకూ పంచాంగం పోరు ఉండదు. శేషం మిగలాలి. దాన్ని ఎవరు, ఎప్పుడు, ఎలా సర్దుతారో తేల్చడమే మన అసలు పని. కింద 'వెలుగేరు' అనే ఊహాలోకానికి మొదటి నుంచి చివరి దాకా లెక్క కట్టి చూపిస్తున్నాం. మీ లోకానికి అంకెలు మార్చుకుంటే చాలు.

1. ముందు ఆకాశం, తర్వాతే నెలలు

మూడు అంకెలు రాసుకోండి: రోజు పొడవు, సంవత్సరంలో ఎన్ని రోజులు, అమావాస్య నుంచి అమావాస్యకు ఎన్ని రోజులు. రెండో అంకెకూ మూడో అంకెకూ దశాంశాలు తప్పనిసరి. మన భూమికి అవి 365.2422, 29.5306. పన్నెండు చాంద్రమాసాలు కలిస్తే 354.37 రోజులే కాబట్టి ఏటా దాదాపు 10.9 రోజులు తరుగు పడుతుంది. మనకు అధికమాసం వచ్చేది ఆ తరుగు నుంచే.

వెలుగేరుకు ఇలా పెడదాం. రోజు మనదే, 24 గంటలు. సంవత్సరం 388.3 రోజులు. సూర్యుడు మన సూర్యుడి లాంటివాడే అయితే, ఆ లోకం మనకన్నా సుమారు 4 శాతం ఎక్కువ దూరంలో తిరుగుతోందని, గ్రహం దూరాన్నీ సంవత్సరం పొడవునూ ముడిపెట్టే కెప్లర్ మూడో నియమం చెబుతుంది. కాబట్టి వాతావరణాన్ని మనకు దగ్గరగా ఉంచుకోవచ్చు. చంద్రులు రెండు: పెద్దది మల్లి, 31.6 రోజులకో అమావాస్య. చిన్నది మినుకు, 8.6 రోజులకో అమావాస్య.

ఇక్కడ రెండు పొరపాట్లు తరచూ జరుగుతాయి. ఒకటి, చంద్రుడికి ఆరు నెలల చుట్టు పెట్టడం. అంత దూరంలో తిరిగే చంద్రుణ్ణి సూర్యుడి ఆకర్షణ లాగేసుకుంటుంది. చంద్రుడి చుట్టు సంవత్సరంలో తొమ్మిదో వంతు దాటకుండా చూసుకుంటే భయం లేదు. రెండోది, చిన్న చంద్రుడు కదా అని సముద్రపు పోటుపాట్లలో దాన్ని పట్టించుకోకపోవడం. పోటు బలం బరువును బట్టి పెరుగుతుంది, దూరం ఘనాన్ని బట్టి తరుగుతుంది. మినుకు బరువు మల్లిలో పన్నెండో వంతే అయినా, దగ్గరగా ఉంది కనుక ఇద్దరి పోటూ సమానమవుతుంది. మీ కథలో రేవు పట్నం ఉంటే ఓడలు కదిలే వేళ రెండు చంద్రులను బట్టీ మారాలి.

2. శేషం తీసి చుట్టు కట్టడం

మల్లి మాసాలు పన్నెండు కలిస్తే 379.2 రోజులు. సంవత్సరానికి తక్కువ పడేది 9.1. ఆ తరుగు పేరుకుని ఒక మాసం అంతయితే అధికమాసం వేయాలి. 31.6ను 9.1తో భాగిస్తే 3.47. అంటే సుమారు మూడున్నరేళ్లకు ఒకటి, ఏడేళ్లకు రెండు. సరిచూద్దాం:

ఏడు సంవత్సరాలు = 2718.1 రోజులు
86 మాసాలు = 2717.6 రోజులు

తేడా సగం రోజు. చాలా మంచి చుట్టు ఇది. మన దగ్గర 19 సంవత్సరాలకు 235 మాసాలు, అంటే ఏడు అధికమాసాలు సరిపోవడం ఇలాంటిదే. తరుగు నాలుగో ఏట 31.6 దాటుతుంది, ఏడో ఏటి చివర రెండో మాసం నిండుతుంది. కాబట్టి అధికమాసాలు 4, 7 సంవత్సరాల్లో పడతాయి. వెలుగేరు జనం ఈ ఏడేళ్లను 'చుట్టు' అంటారు. ఎవరినైనా వయసడిగితే 'నాలుగు చుట్లు నిండి రెండేళ్లు' అంటారు, అంటే వాళ్ల ముప్పై ఏళ్లు, మన లెక్కలో దాదాపు ముప్పై రెండు.

నెలకు ఎన్ని రోజులన్నది కష్టం కాదు. 32, 31, 32, 31, 32 అని ఐదు నెలల వరుస ఆపకుండా తిప్పితే 158 రోజులు, సరిగ్గా ఐదు మల్లి మాసాలు.

ఇప్పుడు ఆ మిగిలిన సగం రోజు. ఇక్కడే చాలామంది దెబ్బతింటారు. పద్నాలుగేళ్లకు ఒక రోజు తక్కువ పడుతోంది కదా అని ఒక రోజు కలిపేస్తారు. అలా కలిపితే సూర్యుడి లెక్క కుదురుతుంది, చంద్రుడి లెక్క చెడుతుంది. నాలుగైదు సర్దుబాట్లు అయ్యేసరికి నెల ఒకటో తేదీన ఆకాశంలో స్పష్టంగా నెలవంక కనిపిస్తుంటుంది. చాంద్రమాసాలను పట్టుకున్న పంచాంగంలో సూర్యుడి బాకీని రోజుల్లో తీర్చకూడదు, మాసాల్లోనే తీర్చాలి. చుట్టుకు 0.5 రోజు చొప్పున 63 చుట్లకు 31.5 రోజులు, దాదాపు ఒక మాసం. అంటే 441 సంవత్సరాలకు ఒకసారి ఇంకొక అధికమాసం వేస్తే చాలు.

కథకు దీని విలువ గమనించండి. మీ నవల వెలుగేరు 400వ సంవత్సరంలో జరుగుతుంటే, పంచాంగం అప్పటికే 28 రోజులకు పైగా ముందుకు జరిగి ఉంటుంది. కోతల పండుగ వచ్చేస్తుంది కానీ పైరు ఇంకా పచ్చిగానే ఉంటుంది. సర్దుబాటు చేయాల్సిన మాసానికి ఇంకా 41 ఏళ్లుంది. రైతులు ఇప్పుడే వేయమంటారు, గుడివాళ్లు శాస్త్రం ఒప్పుకోదంటారు. పన్నులు నెలవారీగా వసూలు చేసే రాజుకు అదనపు మాసమంటే అదనపు ఆదాయం. ఇంత గొడవా ఒక దశాంశం నుంచి పుట్టింది.

3. సూర్యుడి లెక్క ఎవరిది, చంద్రుడి లెక్క ఎవరిది

ఒక లోకమంతా ఒకే క్యాలెండర్ వాడుతుందనుకోవద్దు. తిరుమలనే చూడండి. బ్రహ్మోత్సవాలు చాంద్రమానానికి కట్టుబడి ఉంటాయి, కాబట్టి అధికమాసం వచ్చిన ఏడు సాలకట్ల బ్రహ్మోత్సవాలు, నవరాత్రి బ్రహ్మోత్సవాలు అని రెండుసార్లు జరుగుతాయి. ధనుర్మాసం సౌరమానం, ఆ నెలంతా సుప్రభాతం బదులు తిరుప్పావై వినిపిస్తుంది. పెరటాసి శనివారాలకు కొండకు పోటెత్తే తమిళ భక్తులదీ సౌర మాసమే. వైకుంఠ ఏకాదశికి రెండూ కలవాలి: సూర్యుడు ధనుస్సులో ఉండాలి, తిథి శుద్ధ ఏకాదశి కావాలి. అందుకే ఇంగ్లీషు క్యాలెండర్ ప్రకారం 2023లో అది జనవరిలో ఒకటి, డిసెంబరులో ఒకటి వచ్చింది, 2024లో అసలు రాలేదు, 2025లో మళ్లీ రెండు వచ్చాయి.

మీ లోకంలోనూ ఇలా రెండు షరతులు కలిస్తేనే వచ్చే పండుగ ఒకటి పెట్టండి. 'ఫలానా నెల ఫలానా తేదీ' అని రాసిన పండుగ కన్నా అది ఎంతో సజీవంగా ఉంటుంది.

సేద్యానికి మాత్రం సూర్యుడే దిక్కు. మన రైతులు చాంద్రమాసాల మధ్య బతుకుతూనే విత్తనానికి కార్తెలు చూస్తారు. సూర్యుడు 27 నక్షత్రాల్లో తిరిగే కాలాన్ని పంచితే కార్తెకు పదమూడు పద్నాలుగు రోజులు. రోహిణి కార్తె మే చివరి వారంలో, మృగశిర జూన్ మొదటి వారం దాటాక. అధికమాసం వచ్చినా రాకున్నా అవి కదలవు. వెలుగేరులో సంవత్సరాన్ని 28 'సాళ్లు' చేద్దాం. 24 సాళ్లకు 14 రోజులు, నాలుగింటికి 13 రోజులు, మొత్తం 388. మిగిలిన 0.3 కోసం పదేళ్లలో మూడుసార్లు చివరి సాలుకు ఒక రోజు కలపండి. ఈ లెక్కకు చంద్రుడితో పని లేదు కాబట్టి ఇక్కడ రోజు కలిపినా ఏమీ చెడదు. పేర్లు పనిని బట్టి: విత్తుసాలు, కలుపుసాలు, కంకిసాలు, కళ్లంసాలు. వేకువన తూర్పున ఏ చుక్క పొడిచిందో చూసి ముసలి రైతు సాలు మారిందని చెప్పేయగలగాలి.

రుతువుల విషయంలో ఒక మాట గట్టిగా చెప్పాలి. మంచు కురిసే శీతాకాలం, పూలు విచ్చే వసంతం అని ఎక్కడి నాలుగు రుతువులనో తెచ్చి పెట్టకండి. తిరుపతి, చిత్తూరు ప్రాంతానికి వానలో పెద్ద భాగం అక్టోబరు నుంచి డిసెంబరు దాకా ఈశాన్య రుతుపవనాలతోనే వస్తుంది. 2021 నవంబరులో తిరుపతి వీధుల్లో వరద పారింది అప్పుడే. వేరుశనగ విత్తేది మాత్రం జూన్, జులైల్లో నైరుతి జల్లులకు. తోతాపురి మామిడి గుజ్జు ఫ్యాక్టరీలకు చేరేదీ ఆ రోజుల్లోనే. విత్తే వాన ఒకటి, చెరువు నింపే వాన ఒకటి, మధ్యలో ఎదురుచూపు. ఇలాంటి నేలకు పంచాంగం కడితే అందులో రెండు వానల పేర్లు, ఆ మధ్యకాలం పేరు కచ్చితంగా ఉంటాయి.

4. వారం

వారానికి ఆకాశంలో ఆధారం అక్కర్లేదు, సంతలో ఉంటే చాలు. ఒక రైతు గంపతో నడిచి పోయి సాయంత్రానికి తిరిగి రాగల దూరంలో ఎన్ని ఊళ్లున్నాయో, ఆ ఊళ్లు సంతను వంతులవారీగా ఎలా పంచుకుంటాయో చూసి రోజుల సంఖ్య పెట్టండి. వెలుగేరులో ఐదు ఊళ్ల సంతలు, ఒక విడుపు రోజు: ఉప్పువారం, కుండలవారం, పసులవారం, నూలువారం, గింజలవారం, విడుపు.

మరీ పొడవు చేస్తే జనం ఓర్చుకోరు. ఫ్రెంచి విప్లవ ప్రభుత్వం 1793లో పది రోజుల వారం తెచ్చింది. ఏడు రోజులకోసారి దొరికే విశ్రాంతి పదికోసారి అయింది, ఆ క్యాలెండరే 1805 చివరితో ముగిసింది. సోవియట్ యూనియన్ 1929లో ఐదు రోజుల వారం పెట్టి, యంత్రాలు ఆగకూడదని కార్మికులకు వేర్వేరు రోజుల్లో సెలవిచ్చింది. భార్యకు ఒక రోజు, భర్తకు ఇంకో రోజు సెలవు వచ్చి కుటుంబాలు కలుసుకోవడమే కష్టమైంది. మీ లోకపు రాజు వారాన్ని మార్చాలనుకుంటే అడ్డుపడేవాళ్లు ఎవరో వీటి నుంచి నేర్చుకోవచ్చు.

వారాన్ని నెలతోనో సంవత్సరంతోనో ముడిపెట్టకండి. అది తెగకుండా నడవాలి. విజయనగర కాలపు శాసనాల్లో శకవర్షం, సంవత్సరం పేరు, మాసం, తిథితో పాటు వారం కూడా చెక్కించేవారు. ఆ వారం కుదిరిందా లేదా అని చూసే నేటి పరిశోధకులు తేదీలోని తప్పు పట్టుకుంటారు. మీ కథలో దొంగ దానపత్రం బయటపడాలంటే ఇంతకన్నా నమ్మదగిన దారి లేదు.

జాతరల్లాంటి ప్రత్యేక రోజులకు అంకెలు కాకుండా పేర్లే పెట్టండి. తిరుపతి గంగమ్మ జాతరలో రోజుకో వేషం: బైరాగి, బండ, తోటి, దొర, మాతంగి. ఊళ్లో తేదీ అడగరు, ఇవాళ ఏ వేషమని అడుగుతారు.

5. రోజును కోయడం

రోజు ఎప్పుడు మొదలవుతుందో ముందే తేల్చుకోండి. తెలుగు పంచాంగానికి సూర్యోదయం, ఇంగ్లీషు తేదీకి అర్ధరాత్రి. వెలుగేరులో సూర్యోదయమే. అప్పుడు తెల్లవారుజామున జరిగిన హత్య నిన్నటి తేదీలో పడుతుంది. సాక్షి వేరే దేశంవాడైతే తేదీ తప్పు చెప్పినట్టు కనిపిస్తాడు.

మన పాత కొలతలు: రోజుకు 60 గడియలు, గడియకు 24 నిమిషాలు, గడియకు 60 విఘడియలు. పగలు నాలుగు జాములు, రాత్రి నాలుగు. జాముకు సగటున మూడు గంటలు, అంటే ఏడున్నర గడియలు. ఇక్కడ కూడా ఒక సగం మిగిలింది చూశారా? జాముగంట కొట్టేవాడికీ గడియలు లెక్కపెట్టేవాడికీ మాట పడే చోటు అదే.

జామును పగటిలో నాలుగో వంతుగా తీసుకుంటే అది రుతువుతో పాటు సాగుతుంది, ముడుచుకుంటుంది. తిరుపతి అక్షాంశం సుమారు 13.6 డిగ్రీలు. అక్కడ పగలు డిసెంబరులో సుమారు 11 గంటల 20 నిమిషాలు, జూన్‌లో 12 గంటల 55 నిమిషాలు. పగటి జాము 2 గంటల 50 నిమిషాల నుంచి 3 గంటల 14 నిమిషాల దాకా మారుతుంది. ఏడాది మొత్తంలో తేడా ఒక్క గడియే కాబట్టి ఇక్కడ ఈ పద్ధతి హాయిగా నడుస్తుంది. మీ కథాస్థలం 55 డిగ్రీల అక్షాంశంలో ఉంటే పగలు వేసవిలో 17 గంటలు, చలికాలంలో 7 గంటలు అవుతుంది. అక్కడ సమాన గడియలే మేలు.

కొలిచే సాధనం కూడా చెప్పాలి. గడియకుడుక అంటే అడుగున సన్నని చిల్లు ఉన్న రాగి గిన్నె. నీటి మీద పెడితే చిల్లులోంచి నీరెక్కి 24 నిమిషాలకు మునుగుతుంది. మునగగానే కాపలావాడు గంట కొట్టి, గిన్నె తీసి మళ్లీ పెడతాడు. ఏం చెడుతుందంటే: నీళ్లలో ఒండ్రు ఉంటే చిల్లు మూసుకుపోయి గడియ సాగుతుంది, చిల్లు అరిగి పెద్దదైతే గడియ కుదించుకుపోతుంది, చల్లటి రాత్రి నీరు చిక్కబడి నెమ్మదిగా ఎక్కుతుంది, కాపలావాడు కునికితే ఆ కునుకంతా లెక్కలోంచి పోతుంది. గిన్నెకు పది సెకన్లు తేడా వస్తే రోజుకు పది నిమిషాలు. కాబట్టి రోజూ ఒకసారి సరిచేయాలి.

సూర్యోదయంతో సరిచేయడం కుదరదు. అది రోజురోజుకూ జరుగుతుంది, పైగా కొండలు అడ్డుంటే పొద్దు ఆలస్యంగా కనిపిస్తుంది. నిలువు కర్ర పాతి, నీడ అన్నిటికన్నా పొట్టిగా ఉన్న క్షణం పట్టుకోండి. తిరుపతిలో ఆ క్షణం మన గడియారంలో సరిగ్గా 12కి రాదు. భారత కాలమానం 82.5 డిగ్రీల రేఖాంశానిది, తిరుపతి సుమారు 79.4 దగ్గర ఉంది. సగటున 12:12కి నడిమింట పొద్దు. ఏడాదిలో నవంబరు మొదట్లో 11:56కి, ఫిబ్రవరిలో 12:26కి. ఇంకో సంగతి: ఏప్రిల్ చివరి వారం నుంచి ఆగస్టు మధ్య దాకా ఇక్కడ మధ్యాహ్నపు నీడ దక్షిణానికి పడుతుంది. ఉష్ణమండలంలో కథ నడిపే రచయితలు నీడను ఎప్పుడూ ఉత్తరానికే పంపడం పెద్ద లోపం.

ఈ లెక్కంతా గంట కొట్టేవాడికి. పాత్రల నోట మాత్రం 'బారెడు పొద్దెక్కినాక', 'సద్ది తాగే వేళకు', 'పొద్దుగూకినాక', 'కోడి కూయకముందే' అని రావాలి. మొదటి రెండు మూడు అధ్యాయాల్లో కొత్త కాలపు మాటలు ఐదారు మించితే పాఠకుడు పుస్తకం మూసేస్తాడు.

6. ఒకే వరుస అంకె, ఎక్సెల్ షీటు

భారతీయ ఖగోళవేత్తలు అహర్గణం అనే పద్ధతి వాడారు: ఒక ఆరంభ దినం నుంచి నేటిదాకా గడిచిన రోజుల మొత్తం. మీకూ అదే కావాలి. వెలుగేరులో అహర్గణం సున్నా నాటి సూర్యోదయానికి సౌర సంవత్సరం మొదలు, మల్లికీ మినుకుకూ అమావాస్య, వారం ఉప్పువారం అనుకుందాం. షీటులో మొదటి గడిలో అహర్గణం, తర్వాతి గడుల్లో మాడ్ ఫంక్షన్‌తో దాన్ని 388.3, 31.6, 8.6, 6లతో భాగించిన శేషాలు. సన్నివేశానికో వరుస.

షీటు పూర్తయ్యాక జంట పున్నములు వెతకండి. రెండు చంద్రుల పున్నములు సగం రోజు తేడా లోపు కలవడాన్ని జంట పున్నమి అందాం. మూడు మల్లి మాసాలు 94.8 రోజులు, పదకొండు మినుకు మాసాలు 94.6. తేడా 0.2 మాత్రమే, కాబట్టి జంట పున్నమి ఒకసారి వస్తే మూడు నెలలకోసారి వరుసగా ఆరుసార్లు, దాదాపు ఏడాదీ పావు వస్తూనే ఉంటుంది. ఆ తర్వాత సుమారు 885 రోజులు, రెండేళ్లకు పైగా, ఒక్కటీ రాదు. ఇది ఎవరూ ఊహించి రాయగలిగే లయ కాదు, లెక్క నుంచే వస్తుంది. జంట పున్నమి నాడే పెళ్లిళ్లు చేసే తెగ ఉంటే, వాళ్ల పిల్లల వయసులు గుంపులు గుంపులుగా ఉంటాయి.

7. సన్నివేశాన్ని పరీక్షించడం

చంద్రుడి కళకూ వేళకూ సంబంధం మరవకూడదు. నెలవంక కనిపించేది పడమట, పొద్దుగూకాక కాసేపే. శుద్ధ అష్టమి నాటి అర్ధచంద్రుడు సాయంత్రానికి నడినెత్తిన ఉంటాడు. పున్నమి చంద్రుడు సూర్యాస్తమయానికే పొడుస్తాడు. బహుళ అష్టమి చంద్రుడు అర్ధరాత్రి పొడుస్తాడు. అర్ధరాత్రి నెలవంక వెలుగులో ప్రేమికులు కలుసుకున్నారని రాస్తే ఆకాశం ఒప్పుకోదు. మల్లి రోజుకు సుమారు 47 నిమిషాలు ఆలస్యంగా పొడుస్తుంది, మినుకు ఏకంగా 3 గంటల 10 నిమిషాలు.

అహర్గణం 155000 అనుకోండి. ఆరుతో భాగిస్తే శేషం 2: పసులవారం. 31.6తో భాగిస్తే 4905 మాసాలు గడిచాయి, శేషం 2.0. ఆ మాసాలను 86తో భాగిస్తే 57 చుట్లు నిండి మూడు మాసాలు. అంటే 58వ చుట్టు మొదటి సంవత్సరం, నాలుగో నెల, మూడో తేదీ. పంచాంగం ప్రకారం ఏడాదిలో 96.8 రోజులు గడిచాయి. 388.3తో భాగిస్తే శేషం 68.3 మాత్రమే. తేడా 28.5, ముందు చెప్పిన 57 చుట్ల బాకీకి సరిగ్గా సమానం. ఈ రెండూ కలవకపోతే మీ షీటులో ఎక్కడో సూత్రం తప్పింది.

ఆ రాత్రి కోటలో దొంగతనం ఉందనుకోండి. శేషాలు సూర్యోదయానివి, కాబట్టి సాయంత్రానికి సగం రోజు కలపాలి. దీన్ని మరిచేవాళ్లే ఎక్కువ. మల్లి వయసు, అంటే అమావాస్య నుంచి గడిచిన రోజులు, 2.5. పడమట నెలవంకగా కనిపించి రెండు గంటల్లో దిగిపోతుంది. మినుకు వయసు 8.6లో 2.7, మూడో జాము చివరి దాకా వెలుగిస్తూనే ఉంటుంది. చీకటి దొరికేది నాలుగో జామునే. దొంగలను ఆ వేళకు గోడ దింపండి, మర్నాటి విచారణలో దొంగతనం జరిగింది పసులవారం మూడో తేదీన అనే రాయండి.